ఏడో పేరు నల్ల సిరాలో

అమగసాకిలో ఇనప ఫ్యాక్టరీల పొగ ఎటు పోతుందో అటే మా వీధి. పొద్దున ఆరేసిన బట్టలు మధ్యాహ్నానికే మసి పట్టేవి. చేపల కొట్టుకీ క్షౌరశాలకీ మధ్య ఇరుక్కుని ఉన్న రెండు గదుల ఇల్లు ఒగురి తెయిజోది. ముందు గదిలో ప్రెస్సు, వెనక గదిలో కాపురం. కాలితో తొక్కే ట్రెడిల్ మెషీన్ ఒకటి, గోడ పొడుగునా సీసం అక్షరాల అరలు. నూడిల్స్ కొట్ల ధరల పట్టికలు, పెళ్ళి కార్డులు, చావు కార్డులు, ఏది తెచ్చినా వేసిపెట్టేవాడు. ఏళ్ళ తరబడి ఒకే కాలితో తొక్కి తొక్కి ఆయన నడకలో ఒక వైపు ఒరుగు వచ్చేసింది. గోళ్ళ సందుల్లో సిరా ఎప్పటికీ వదల్లేదు.

స్నానాల శాలలో అందరూ ఆటపట్టించేవాళ్ళు. "ఒగురి గారూ, మీరు ఆఖర్న దిగండి. మీరు ముందు దిగితే మేమంతా చావు కార్డుల్లా బయటికొస్తాం."

"పర్లేదు, నీ మొహం మీద ఒక్క అక్షరం కూడా పట్టదు. అంత మందం" అనేవాడాయన.

ఈ సంగతులన్నీ ఆయన నోటే విన్నాను. కొన్ని మాత్రం ఆయన భార్య హత్సుయె చెప్పింది, ఆయన పక్కన లేనప్పుడు.

యుద్ధం ఆఖరి ఏడాది బాంబులు పడి అమ్మా నాన్నా ఒకేరోజు పోయారు. అప్పటికి తెయిజోకి పద్నాలుగేళ్ళు, తమ్ముడు షిగెహరుకి నాలుగు. తను పని నేర్చుకుంటున్న ప్రెస్సు కూడా కాలిపోయింది. బూడిదలో కూర్చుని కరిగిపోని సీసం అక్షరాలు ఏరుకుంటూ ఉంటే ఇసొబె అనే మనిషి చూశాడు. స్టేషన్ వెనక దొంగ సంతని నడిపేది ఆయనే.

"పాత సామాన్ల వాడికి అమ్మడానికా?"

"కాదండీ. వేరు చేసి పెట్టుకుంటున్నా. ఎప్పుడైనా అచ్చేయొచ్చని."

ఇసొబె నవ్వి వెళ్ళిపోయాడట. ఆరేళ్ళ తర్వాత పాత ట్రెడిల్ మెషీన్ ఒకటి బండి మీద వచ్చి ఇంటి ముందు దిగింది. ఎందుకని ఎవరూ చెప్పలేదు, తిరిగి ఏదీ అడగలేదు. అప్పట్నుంచీ ఇసొబె ఇంటి కార్డులన్నీ తెయిజోనే వేశాడు. ఇల్లు అంటే ముఠా. మా ఊళ్ళో ఎవరూ ఆ మాట అనరు, 'ఆ ఇల్లు' అంటారు.

ఆ ఇంటి కార్డుల్లో కష్టమైనవి వెలి కార్డులు. మనిషిని బయటికి పంపినప్పుడు అతని పేరూ పుట్టిన తేదీ వేసి, పడమటి జపాన్‌లో ఉన్న ఇళ్ళన్నిటికీ పంపుతారు. నల్ల సిరాతో వచ్చిందా, ఇప్పటికి పంపేశాం, ఎవరూ చేరదీయొద్దని అర్థం. ఏళ్ళు గడిచాక, క్షమాపణ చెప్పుకుంటే మళ్ళీ రానివ్వొచ్చు. ఎర్ర సిరాతో వచ్చిందా, ఇక బతికుండగా ఆ గుమ్మం తొక్కడానికి లేదు. మాటలు రెండిట్లోనూ అవే. రంగొక్కటే తేడా.

తమ్ముడు షిగెకి అచ్చుపని అబ్బలేదు. ఒకచోట కూర్చోలేడు. పంతొమ్మిదో ఏట ఇసొబె చేతి సాకే గిన్నె తాగి ఆయనకి కొడుకయ్యాడు. ఆ బియ్యపు సారా గిన్నె తాగితే, ఇచ్చినవాడు కన్నతండ్రి కంటే ఎక్కువ. ఆ వేడుక పిలుపు కార్డులు వేసింది కూడా అన్నే. వేస్తూ ఏడ్చాడని హత్సుయె చెప్పింది. ఆయన మాత్రం కిరసనాయిలు కళ్ళల్లో పడిందన్నాడు.

షిగె ఇంకో గిన్నె కూడా తాగాడు. ఇసొబెకి కుడిచెయ్యి తొగాషి. ఓసారి రేవు దగ్గర గొడవలో షిగె ఒకణ్ణి పొడిస్తే, పొడిచింది నేనేనని తొగాషి పోలీసుల దగ్గరికి వెళ్ళి మూడేళ్ళు లోపల ఉండి వచ్చాడు. వచ్చిన రోజు ఇద్దరూ ఒకే గిన్నెలో సాకేని సరిగ్గా సగం సగం తాగి అన్నదమ్ములయ్యారు. తొగాషి పెద్దవాడు, హోదా ఉన్నవాడు. అలాంటివాడు చిన్నవాడితో సమానంగా తాగడం ఎవరూ కనీ వినీ ఎరగరు.

ఆ రెండు గిన్నెలూ పదేళ్ళకి పైగా ఒకే కడుపులో సర్దుకున్నాయి. పంతొమ్మిది వందల డెబ్భై ఎనిమిదిలో ఇసొబెకి జబ్బు చేసింది. పీఠం తొగాషికే అని అందరూ అనుకుంటున్నారు. ఇసొబె అల్లుడికిచ్చాడు. తొగాషి లేచి వెళ్ళి, ఇంకో ఇల్లు పెట్టుకున్నాడు. పెద్ద తలకాయల్లో అయిదుగురు వెంటనే వెళ్ళారు. షిగె మాత్రం వారం రోజులు ఎటూ తేల్చుకోలేక, ఒక మధ్యాహ్నం అన్న దగ్గరికొచ్చి కూర్చున్నాడు. హత్సుయె నూడిల్స్ పెట్టింది.

"అన్నయ్యా, నువ్వైతే ఏం చేస్తావు?"

"నేనైతే అసలు ఆ గిన్నె తాగను."

"తాగేశాక చెప్పు."

"రెండు గిన్నెలు తాగినోడికి తలనొప్పి కూడా రెండు వైపులా వస్తుంది. ముందు తిను, చల్లారిపోతోంది" అంది హత్సుయె.

"నవ్వులాట కాదు వదినా. నాన్నగారు నన్ను మనిషిని చేశారు. తొగాషి నాకోసం మూడేళ్ళు జైలు అన్నం తిన్నాడు. ఎవరికి మొహం చూపించాలి, ఎవరికి వీపు చూపించాలి?"

తెయిజో టైపు అర సర్దుతూ అటు తిరిగే ఉన్నాడు. "పెద్దాయన లేకపోతే మనం ఈ పాటికి మట్టిలో ఉండేవాళ్ళం రా. అది మర్చిపోకు."

"మర్చిపోలేదు. కానీ నాన్నగారి పక్కన వందమంది ఉన్నారు. తొగాషి పక్కన అయిదుగురు. నేను వెళ్తే ఆరుగురం అవుతాం. వందలో ఒకడు తగ్గితే ఎవరికీ తెలీదు. అయిదుకి ఒకడు కలిస్తే తెలుస్తుంది."

నూడిల్స్ సగం తిని లేచాడు. గడప దగ్గర చెప్పులేసుకుంటూ వెనక్కి తిరగలేదు. అన్న కూడా అటు చూడలేదు.

పది రోజులకి నెగొరో వచ్చాడు. ఇసొబె ఇంట్లో రాతపని ఆయనది. కళ్ళద్దాలు, ఇస్త్రీ చొక్కా, ఎప్పుడూ మెల్లగా మాట్లాడేవాడు. తెలియనివాళ్ళు స్కూలు మాస్టారనుకునేవాళ్ళు.

"ఒగురి గారూ, ఏడు పేర్లు. మనిషికో కార్డు. అన్నీ ఎరుపే."

తెయిజో కాగితం చూశాడు. మొదటి పేరు తొగాషిది. ఏడోది ఒగురి షిగెహరు.

"నెగొరో గారూ, వీడొక్కడిదీ..."

"నాకేం తెలీదండీ. నేను రాసేవాణ్ణి, మీరు అచ్చేసేవారు."

"పెద్దాయనతో ఒక్క మాట చెప్పి చూడండి. నేను ఇన్నేళ్ళలో ఏమీ అడగలేదు."

"అందుకే ఇప్పుడూ అడక్కండి. ఆయన ఈ ఏడు పేర్లూ చదువుతుంటే నేను పక్కనే ఉన్నా. ఏడోది వచ్చేసరికి నోరు పెగల్లేదు. మీ తమ్ముడంటే ఆయనకి అంత ఇష్టం. ఆ ఇష్టం ఉన్నచోటే కోపం ఎక్కువ."

పద్ధతి ఏమిటంటే, నెగొరో అక్కడే కూర్చుని ప్రూఫు చూసుకుంటాడు, రాత కాగితం వెనక్కి తీసుకుపోయి కాల్చేస్తాడు. ప్రూఫు ఎప్పుడూ నల్లగానే తీస్తారు. కార్డులు వేశాక కవర్లలో పెట్టి పోస్టు చేసేది తెయిజోనే. ఇన్నేళ్ళలో ఒక్క తప్పు కూడా రాలేదు కాబట్టి, ఆ తర్వాత ఎవరూ సరిచూసుకోరు.

మర్నాడు పొద్దున్నే ఎర్ర సిరా కలిపాడు. తొగాషివి మూడు వందలు. తర్వాత రెండోవాడివి, మూడోవాడివి. మధ్యాహ్నానికి ఆరు పేర్లూ అయిపోయాయి. ఏడో పేరు అక్షరాలు పేర్చిన ఫారం మెషీన్‌కి బిగించి, కాలు పలక మీద పెట్టి, తొక్కలేకపోయాడు. తర్వాత గుడ్డ తీసి, కిరసనాయిలు పోసి, సిరా పళ్ళెం తుడవడం మొదలుపెట్టాడు. ఎరుపు చుక్క కూడా లేకుండా తుడిచి నల్ల డబ్బా తెరిచాడు.

"అదెందుకు?" అంది హత్సుయె గుమ్మంలోంచి.

"నూడిల్స్ కొట్టు వాళ్ళవి ఉన్నాయి."

"వాళ్ళవి మొన్నే ఇచ్చేశావుగా."

ఆయన నల్ల సిరా పళ్ళెంలోకి తీశాడు. ఆవిడ లోపలికెళ్ళిపోయింది. "నేనప్పుడే ఆ గుడ్డ లాక్కోవాల్సింది" అనేది నాతో. "కానీ నాకూ ఆశే కదా. వాడు నా చేతి ముద్ద తిని పెరిగాడు."

తెయిజో లెక్క చిన్నది. ఏదో రోజు గొడవ సద్దుమణుగుతుంది. అప్పుడు తమ్ముడొచ్చి గుమ్మంలో మోకాళ్ళ మీద కూర్చోడానికి సందుండాలి. బయటపడితే తిట్లు తనే తింటాడు, మెషీన్ పట్టుకుపోయినా పట్టుకుపోతారు. అంతవరకే ఆలోచించాడు. సాయంత్రం తపాలా ఆఫీసు మూసే లోపల కవర్లన్నీ ఇచ్చేసి వచ్చాడు.

అయిదో రోజు నెగొరో వచ్చాడు. ఈసారి కూర్చోలేదు.

"ఎర్ర సిరా అయిపోయిందా?"

తెయిజో నేల మీద మోకరిల్లి నుదురు గచ్చుకి ఆనించాడు. "తప్పు నాదేనండీ. తమ్ముడికేం తెలీదు."

"లేవండి. పెద్దాయన నవ్వారు."

"ఏంటండీ?"

"జబ్బు చేసిన దగ్గర్నుంచీ ఆయన నవ్వడం నేను చూళ్ళేదు. కార్డు తిరగేసి తిరగేసి చూసి, 'ఒగురి భలే పని చేశాడు, అలాగే ఉండనీ' అన్నారు. ఎవరైనా అడిగితే నల్లగా వెయ్యమనే చెప్పారని చెప్పండి. మీ తమ్ముడు అడిగినా సరే."

తెయిజో అప్పుడు నిజంగానే ఏడ్చాడు. పెద్దాయన మనసు కరిగిందనుకున్నాడు. బూడిదలో చూసిన మనిషే ఈయన అనుకున్నాడు. నెగొరో గడప దాటుతూ ఓ క్షణం ఆగాడట, ఏదో చెప్పబోయినట్టు. చెప్పలేదు.

రెండ్రోజులకి షిగె వచ్చాడు. మనిషి సగమయ్యాడు. జేబులోంచి కార్డు తీసి బల్ల మీద పెట్టాడు. ఏదో తెలిసినవాళ్ళింటి నుంచి తెచ్చుకున్నాడు.

"అందరివీ ఎరుపు. నాదొక్కటే నలుపు. అన్నయ్యా, నిజం చెప్పు. ఇది నాన్నగారి మాటేనా?"

ఆ ఒక్క ప్రశ్న ఎన్నిసార్లు చెప్పాడో తెయిజో నాతో. చెప్పిన ప్రతిసారీ అక్కడ ఆగేవాడు.

"ఆయన మాటే. నల్లగా వెయ్యమన్నారు" అన్నాడు ఆ రోజు.

షిగె చొక్కా చేత్తో మొహం తుడుచుకున్నాడు. ముప్పై ఏడేళ్ళ మనిషి. "వీపు చూపించి వచ్చేశాను కదా, అయినా ఆయన..." అని ఆపాడు. "నేను తొగాషిని వదిలి రాలేను. కానీ ఒక్కసారి వెళ్ళి దణ్ణం పెట్టుకొస్తా. దొంగలా కాదు, పట్టపగలు, ముందు గుమ్మంలోంచి. కోప్పడితే పడనీ. ఆయన ఇంకెన్నాళ్ళుంటారో తెలీదు."

"వెళ్ళు. వెళ్ళి రా" అన్నాడు అన్న.

మర్నాడు మిట్టమధ్యాహ్నం షిగె వెళ్ళాడు. మూడింటికి ప్రెస్సుకి తిరిగొచ్చాడు, చేతిలో పెద్ద పొట్లం, పట్టుగుడ్డ చుట్టి ఉంది. మొహం వెలిగిపోతోంది.

"వదినా, టీ పెట్టు. నాన్నగారింటి మిఠాయిలు."

"లోపలికి రానిచ్చారా?"

"రానివ్వడమేంటి, నెగొరో గారే గేటు దాకా వచ్చి తీసుకెళ్ళారు. నాన్నగారు పక్క మీద ఉన్నారు. 'సన్నబడ్డావు' అన్నారు. అంతే. ఇంకేం మాట్లాడలేదు. టీ ఇప్పించారు. వచ్చేటప్పుడు ఆ కొత్తాయన, అల్లుడు, గేటు బయటి దాకా వచ్చి వంగి సాగనంపాడు. నాకు! ఈ పొట్లం తన చేత్తో ఇచ్చాడు."

హత్సుయె టీ గిన్నె పట్టుకుని అలాగే నిలబడిపోయింది.

"గేటు బయటి దాకానా?"

"అవును."

"ఆ గేటుకి ఎదురుగా సిగరెట్ల కొట్టు దగ్గర మీవాళ్ళు కాపలా ఉంటారని నువ్వే చెప్పావు కదరా."

షిగె నోట్లో మిఠాయి ఉంది. నమలడం ఆపాడు.

అప్పటికి తెయిజోకి అర్థమైంది. ఇసొబె ఎందుకు నవ్వాడో, నెగొరో గడప దగ్గర ఎందుకు ఆగాడో, అన్నీ ఒకేసారి. ఆరు ఎర్ర కార్డుల మధ్య ఒక్క నల్ల కార్డు. పైగా ఇప్పుడు పట్టపగలు పొట్లంతో, మర్యాదలతో బయటికి రావడం. తొగాషి మనుషులు ఏమనుకుంటారు? వీడు అక్కడి మనిషే, మన దగ్గరికి పంపిన మనిషి.

"షిగె, ఆ నలుపు నేనే వేశాన్రా" అన్నాడు. "ఆయన ఎరుపే రాయించారు. నేనే మార్చాను. నీకు అబద్ధం చెప్పాను."

షిగె పట్టుగుడ్డ మళ్ళీ పొట్లం మీదికి లాగాడు. తర్వాత అడిగాడు. "అయితే 'సన్నబడ్డావు' అన్నది?"



"హిరొషిమాలో మా పిన్ని ఉంది. ఇప్పుడే రైలెక్కు. డబ్బులిస్తా, ఆగు" అని హత్సుయె లోపలికి పరిగెత్తింది.

"వద్దు వదినా. పారిపోతే నిజమైపోతుంది. నేను వెళ్ళి తొగాషికి ఉన్నదున్నట్టు చెబుతా. వాడు నన్ను నమ్ముతాడు. మూడేళ్ళు ఊరికే లోపల ఉన్నాడా?"

తెయిజో గుమ్మానికి అడ్డంగా నిలబడ్డాడు. షిగె ఆయన భుజాలు పట్టుకుని పక్కకి జరిపాడు, చిన్నపిల్లాణ్ణి జరిపినట్టు. "అన్నయ్యా, నీ చేతులెప్పుడూ నల్లగానే ఉంటాయిలే" అని నవ్వబోయాడు. నవ్వు రాలేదు. వెళ్ళిపోయాడు.

మూడో రోజు పొద్దున ఇనప ఫ్యాక్టరీ వెనక కాలవలో దొరికాడు. పోలీసులు వచ్చారు, రాసుకున్నారు, వెళ్ళారు. చంపినవాళ్ళు ఎవరూ దొరకలేదు.

దహనానికి ఏ ఇంటి నుంచీ ఎవరూ రాలేదు. పూల దండ కూడా రాలేదు. ద్రోహికి ఎవరు దణ్ణం పెడతారు? వీధివాళ్ళు తలుపు సందుల్లోంచి చూశారు. క్షౌరశాల ఆయన ఒక్కడే నల్లకోటు తొడుక్కుని వచ్చి, అగరొత్తి వెలిగించి, చివరిదాకా కూర్చున్నాడు.

ఏడో రోజు కర్మ అయ్యాక తెయిజో తొగాషి దగ్గరికి వెళ్ళాడు. తమ్ముడెలాగూ పోయాడు, ఆ పేరుకి అంటిన మచ్చయినా పోవాలని ఆయన పట్టుదల. భోజనాల హోటలు మేడ మీద ఆఫీసు. తొగాషి ఒక్కడే కూర్చుని బియ్యం గంజి తాగుతున్నాడు, కడుపులో పుండట. బయటికి పొమ్మనలేదు.

"ఆ నల్ల కార్డు వేసింది నేనండీ. పెద్దాయన చెప్పింది ఎరుపే. నా తమ్ముడు మీకు ద్రోహం చెయ్యలేదు."

తొగాషి చెంచా కింద పెట్టాడు. "వాడూ ఇదే చెప్పాడు."

"మరి?"

"నమ్మాను."

తెయిజోకి ముందు సరిగా వినపడలేదేమో అనిపించింది.

"నేను నమ్మాను, ఒగురి గారూ. వాడు నా కళ్ళలోకి చూసి అబద్ధం చెప్పలేడు. మిగతా అయిదుగురూ నమ్మలేదు. నేను వాడి పక్కన నిలబడితే ఆ రోజే అయిదుగురూ లేచిపోయేవాళ్ళు. నాకు మిగిలేది వాడొక్కడే. ముసలాయన అది కూడా లెక్కేసుకునే ఉంటాడు."

"వాడు మీతో సగం గిన్నె తాగాడు."

"తెలుసు."

"అయిదుకి ఒకడు కలిస్తే తెలుస్తుందని వచ్చాడు మీ దగ్గరికి."

తొగాషి గంజి గిన్నె పక్కకి నెట్టాడు. "ఈ మాట ఇంకెక్కడా అనకండి. ఇప్పుడు వాడు నిర్దోషి అని తెలిస్తే, నా అయిదుగురూ అన్యాయంగా చంపిన వాళ్ళవుతారు. అలాంటి వాళ్ళని పెట్టుకుని నేను నిలబడలేను. మీకు భార్య ఉంది కదా" అన్నాడు. గొంతులో బెదిరింపు లేదు, అలసట ఉంది. దానికే భయం వేసిందన్నాడు తెయిజో.

మెట్లు దిగుతుంటే కింద ఇద్దరు నిలబడి ఉన్నారు, ఆ అయిదుగురిలో వాళ్ళే. ఒకరిది ఆయన అచ్చేసిన మూడో కార్డు, ఇంకొకరిది అయిదో కార్డు. చనిపోయినవాడి అన్న కాబట్టి, పద్ధతి ప్రకారం ఇద్దరూ చేతులు తొడల పక్కన పెట్టుకుని నడుము దాకా వంగారు. తెయిజో కూడా వంగాడు. వంగాలనుకోలేదు. ఎవరైనా వంగితే తిరిగి వంగడం పుట్టినప్పట్నుంచీ నడుముకి అలవాటు.

ఇంటికొచ్చి హత్సుయెకి అన్నీ చెప్పాడు, తను వంగిన సంగతి తప్ప. దాని గురించి ఇరవై ఏళ్ళ తర్వాత, తొగాషి ఆ కడుపులో పుండుతోనే పోయాడని తెలిసిన రోజు చెప్పాడట. ఆవిడ ముల్లంగి తరుగుతోంది.

"ఎంత కిందికి వంగావు?" అంది.

"వాళ్ళు వంగినంతే."

ఆవిడ ముల్లంగి మొత్తం తరిగేసింది. ఇద్దరికి అంత అక్కర్లేదు.